బేర్ ఐలాండ్‌లో దిగనిస్తారా? ఎవరూ ఉండని దీవికి అంత కాపలా ఎందుకు?

మీరు అడిగినవి రెండు. నార్వేకీ, దానికి ఉత్తరాన స్వాల్‌బార్డ్ దీవుల్లోని స్పిట్స్‌బెర్గెన్‌కీ మధ్య సముద్రంలో ఉన్న బేర్ ఐలాండ్‌కి మామూలు మనుషులు వెళ్లొచ్చా అని ఒకటి, ఊరూ వాడా లేని చోటును మొత్తం నేచర్ రిజర్వ్ చేసి ఎవరి నుంచి కాపాడుతున్నారు అని రెండోది. మొదటిదానికి జవాబు చిన్నదే. వెళ్లొచ్చు, కానీ ఆ రోజు దిగగలరా లేదా అన్నది అలలూ పొగమంచూ తేలుస్తాయి. రెండోది మాత్రం కాస్త వివరంగా చెప్పాలి, ఎందుకంటే అక్కడికి వెళ్లేదాకా నాకూ అదే సందేహం ఉండేది.

నేను ఉత్తర నార్వేలోని ట్రోమ్సోలో చదువుకునేటప్పుడు కాలుష్యం మీద పనిచేసే ఒక బృందానికి సహాయకుడిగా ఆ దీవికి వెళ్లాను. నా పనేమీ గొప్పది కాదు. సరస్సులో వల వేయడం, పడిన చేపను కొలవడం, ముక్కలు కోసి ప్లాస్టిక్ తగలకుండా అల్యూమినియం ఫాయిల్‌లో చుట్టి లేబుల్ రాయడం, అంతే. కాబట్టి ఇది టూరిస్టు చెప్పే మాట కాదు, అలాగని పెద్ద నిపుణుడి మాటా కాదు.

ముందు దీవి ఎలా ఉంటుందో చెప్తాను. వైశాల్యం దాదాపు 178 చదరపు కిలోమీటర్లు, ఉత్తరం నుంచి దక్షిణానికి సుమారు 20 కిలోమీటర్లు. ఉత్తరం వైపంతా బల్లపరుపు రాతి నేల, దాని నిండా వందల కొద్దీ చిన్న చిన్న సరస్సులు. చెట్టనేది లేదు. ఎంత నడిచినా పగిలిన రాళ్లే, బూట్లు నెల తిరక్కుండా అరిగిపోతాయి. దక్షిణానికి వచ్చేసరికి ఒక్కసారిగా కొండలు లేస్తాయి, అన్నిటికన్నా ఎత్తైన మిజరీఫ్యెల్లెట్ 536 మీటర్లు. అక్కడ అట్లాంటిక్ నుంచి వచ్చే గోరువెచ్చని నీళ్లూ ఉత్తరం నుంచి వచ్చే చల్లని నీళ్లూ కలుస్తాయి కాబట్టి సముద్రంలో తిండి పుష్కలం, దాంతోపాటు వేసవిలో పొగమంచూ పుష్కలం. మేం లంగరు వేశాక కూడా దీవి కనపడక, రబ్బరు పడవ దించడానికి వీల్లేక, డెక్ మీద కాఫీలు తాగుతూ కూర్చున్నాం. పెద్ద ఓడ నిలబడేలాంటి రేవు ఎక్కడా లేదు.

మనుషులు ఉండేది ఉత్తర తీరంలోని హెర్విగ్‌హమ్నా వాతావరణ కేంద్రంలో మాత్రమే. తొమ్మిది మంది సిబ్బంది, వాళ్ల కుక్కలు. ఆ కాస్త జాగా తప్ప మిగతా దీవి అంతా, దాని చుట్టూ 12 నాటికల్ మైళ్ల సముద్రం కూడా రిజర్వే. రిజర్వ్‌ను 2002లో ప్రకటించారు, సముద్రంలో హద్దును 12 మైళ్లకు తర్వాత పెంచారు.

ఇక కొండల సంగతి. దక్షిణ కొస దగ్గర రాళ్లు నిటారుగా సముద్రంలోకి దిగుతాయి, కొన్ని 400 మీటర్లకు పైనే. వాటి మీద గిల్లెమాట్‌లు, కిట్టివేక్‌లు, ఫుల్మార్‌లు అనే సముద్ర పక్షులు, అన్నీ కలిపితే లక్షల్లో ఉంటాయి. గుంటూరు దగ్గర ఉప్పలపాడు చెరువు గట్టున కొంగల కాలంలో నిలబడినవాళ్లకు ఆ ఘాటు వాసన తెలుసు కదా, దాన్ని ఒక పెద్ద కొండ నిండా పరిచినట్టు ఉంటుంది. గిల్లెమాట్ గూడు కట్టదు. అరచేతి వెడల్పు రాతి అంచు మీద ఒకే ఒక్క గుడ్డు పెడుతుంది. పిల్లకు మూడు వారాలు నిండేసరికి, ఇంకా ఎగరడం రాకుండానే అంత ఎత్తు నుంచి సముద్రంలోకి దూకుతుంది, తండ్రి పక్షి దాని వెంట వెళ్తుంది. ఆ తర్వాత చాలా వారాలు ఆ జంట నీళ్ల మీదే ఉంటుంది. పిల్లకు రెక్కలు ఇంకా రాలేదు, తండ్రి పాత ఈకలు రాలిపోయి ఎగరలేని స్థితిలో ఉంటుంది. రిజర్వ్ అంటే నేల ఒక్కటే కాదు, సముద్రాన్ని కూడా ఎందుకు కలిపారో దీన్ని బట్టి అర్థమవుతుంది. నీటి మీద నూనె తెట్టు వస్తే అవి ఎక్కడికి పోతాయి?

కాపలా అవసరం ఊహించి పెట్టింది కూడా కాదు. 1596లో డచ్ నావికుడు విల్లెం బారెంట్స్ బృందం దీన్ని చూసింది, అక్కడే ఒక తెల్ల ఎలుగుబంటిని చంపారు, పేరు అలా వచ్చింది. పదేళ్లు తిరక్కుండానే ఇంగ్లీషు వేటగాళ్లు వచ్చి పడ్డారు, దంతాల కోసం, కొవ్వు కోసం వాల్రస్‌లనే కోరలుండే పెద్ద సముద్ర జంతువులను కొన్ని గంటల్లోనే వందల కొద్దీ నరికిన రోజులున్నాయి. తర్వాత 1916 నుంచి 1925 దాకా తూర్పు తీరంలో టున్‌హైమ్ అనే చోట బొగ్గు తవ్వారు. ఆ శిథిలాలు, తుప్పు పట్టిన రైలింజన్ ఇప్పటికీ ఉన్నాయి. ఈ దీవి కూడా భాగమైన స్వాల్‌బార్డ్ దీవుల చట్టంలో 1946కి ముందు మనుషులు వదిలిన ప్రతిదీ రక్షిత వస్తువే, వాల్రస్‌లను నరికిన చోట పడున్న ఎముకలైతే ఏ కాలానివైనా సరే. ఒక మేకు కూడా జేబులో వేసుకోకూడదు. పువ్వు కోయకూడదు, శిలాజం తీయకూడదు, బండ్లు నడపకూడదు. పక్షులు గుడ్లు పెట్టే కాలంలో, అంటే ఏప్రిల్ నుంచి ఆగస్టు దాకా, దక్షిణ కొండల దగ్గరికి పెద్ద ఓడలు రాకూడదు.

ఈ రూల్స్ నేలను బాగానే కాపాడుతున్నాయి, ఎందుకంటే అసలు అక్కడ కాలుపెట్టేవాళ్లే తక్కువ. ముప్పంతా బయటి నుంచే వస్తోంది. దీనికి నేను పనిచేసిన ఎల్లాష్యోన్ సరస్సే సాక్ష్యం. దక్షిణాన, కొండల మధ్య, చూడ్డానికి అద్దంలా ఉంటుంది, చుట్టుపక్కల ఫ్యాక్టరీ కాదు కదా గుడిసె కూడా లేనట్టే. కానీ అందులోని ఆర్కిటిక్ చార్ చేపల్లో పీసీబీలు దొరికాయి. పీసీబీలంటే ఒకప్పుడు ట్రాన్స్‌ఫార్మర్ల నూనెల్లో వాడిన రసాయనాలు, చాలా దేశాలు దశాబ్దాల క్రితమే నిషేధించాయి. అదే దీవిలో కొన్ని కిలోమీటర్లు ఉత్తరాన ఉన్న ఓయాంగెన్ సరస్సు చేపల్లో ఉన్నదానికి ఇది ఎన్నో రెట్లు ఎక్కువ. తేడా ఎక్కడుందంటే పక్షుల రెట్టలో. గాలి, సముద్ర ప్రవాహాలు మోసుకొచ్చిన విషం ముందు సముద్రపు చేపల్లో చేరుతుంది, వాటిని తిన్న పక్షుల్లో ఇంకా చిక్కబడుతుంది, ఆ పక్షులు వచ్చి ఎల్లాష్యోన్‌లో స్నానాలు చేసి రెట్ట వేస్తాయి. ఓయాంగెన్ వైపు అవి అంతగా పోవు. దీనికి స్వాల్‌బార్డ్‌ను పాలించే గవర్నరు మాత్రం ఏ బోర్డు పాతగలడు చెప్పండి.

సముద్రం వైపు నుంచి కూడా అంతే. 1986-87 చలికాలంలో కాపెలిన్ అనే చిన్న చేప బేరెంట్స్ సముద్రంలో దాదాపు మాయమైంది, ఆ ఒక్క ఏడాదిలో ఈ దీవి కామన్ గిల్లెమాట్‌లలో 80 శాతానికి పైగా పోయాయి, కోలుకోవడానికి దశాబ్దాలు పట్టింది. 2009 మే నెలలో పెట్రోజావొడ్స్క్ అనే రష్యన్ ఓడ సరిగ్గా పక్షులు ఉండే కొండ కిందే రాళ్లకెక్కింది, సిబ్బందిని కాపాడారు కానీ డీజిల్ నీళ్లలో కలిసింది, పైనుంచి రాళ్లు పడే చోటు కావడంతో ఓడను తీయడం కూడా ప్రమాదమే అయింది. ఇప్పుడు స్వాల్‌బార్డ్ జలాల్లో ఓడలకు హెవీ ఫ్యూయల్ ఆయిల్ అనే చిక్కటి, జిడ్డు ఇంధనం నిషేధం, అది మంచి పని. కానీ దక్షిణాన అదే బేరెంట్స్ సముద్రంలో యోహాన్ కాస్ట్‌బర్గ్ అనే నార్వే చమురు క్షేత్రం నుంచి 2025లో చమురు తీయడం మొదలుపెట్టారు. ఒకే ప్రభుత్వం ఒక చేత్తో రిజర్వ్, ఇంకో చేత్తో రిగ్గు. నాకైతే ఇది మింగుడు పడదు, ట్రోమ్సోలో నా స్నేహితులు మాత్రం ఆ ఉద్యోగాల సంగతేంటని నాతో వాదిస్తారు.

వెళ్లాలనే ఉంటే ఇవి చూసుకోండి. దీవికి రోజూ వెళ్లే ఓడ ఏదీ లేదు, ట్రోమ్సో నుంచి స్వాల్‌బార్డ్ ముఖ్య పట్టణం లాంగ్‌యియర్‌బ్యెన్ వెళ్లే కొన్ని ఎక్స్‌పెడిషన్ ఓడలు వాతావరణం బాగుంటే దారిలో ఆగుతాయి. బుక్ చేసేటప్పుడే "ఆగుతాం" అన్నారా, "వీలైతే ఆగుతాం" అన్నారా అని అడగండి, దాదాపు అందరూ రెండోదే అంటారు. సొంత పడవలో అయితే ముందుగా స్వాల్‌బార్డ్ గవర్నర్ ఆఫీసుకు తెలపాలి. 1920 నాటి స్వాల్‌బార్డ్ ఒప్పందం ఈ దీవికీ వర్తిస్తుంది, బ్రిటిష్ వాళ్ల హయాంలో భారతదేశం తరఫునా దాని మీద సంతకం ఉంది. దీవికి వీసా అక్కర్లేదు, అది యూరప్ దేశాల ఉమ్మడి షెంగెన్ వీసా పరిధిలో లేదు, కానీ ఆ పరిధిలో ఉన్న నార్వే మీదుగానే వెళ్లి నార్వేకే తిరిగి రావాలి కాబట్టి మన పాస్‌పోర్టు వాళ్లకు షెంగెన్ వీసా డబుల్ ఎంట్రీ ఉండాలి. సింగిల్ ఎంట్రీతో వెళ్తే తిరిగొచ్చేటప్పుడు టెన్షన్ తప్పదు. పేరు చూసి ఎలుగుబంటి ఫోటో మీద ఆశ పెట్టుకోకండి, అవి సముద్రపు మంచు మీద వస్తాయి, ఆ మంచు ఇప్పుడు అంత దక్షిణానికి రావడమే అరుదు. అయినా తుపాకీ ఉన్న గైడ్ లేకుండా నడవొద్దు. పక్షి పిల్లలు దూకడం చూడాలంటే మాత్రం జులై చివర్లో వెళ్లండి, మంచి బైనాక్యులర్స్ తీసుకెళ్లండి, ఓడ దూరంగానే ఆగుతుంది.