ఎరియర్స్ (జీతం బకాయిలు) వస్తాయని ఇప్పుడే అప్పు చేయొచ్చా?

ప్రశ్న: తెలంగాణలోని ఒక ఏరియా ఆసుపత్రిలో పదేళ్లుగా కాంట్రాక్టు ఫార్మసిస్టుగా చేస్తున్నాను. రెగ్యులర్ వాళ్లతో సమానంగా జీతం ఇవ్వాలని నిరుడు కొందరం కలిసి హైకోర్టులో రిట్ వేశాం. తేడా నెలకు రూ.9 వేలు. ఇంక్రిమెంట్లతో కలిపి పదేళ్లకు రూ.12 లక్షల దాకా వస్తుందని లెక్క వేసుకున్నాం. ఆ ధైర్యంతో రెండు రూపాయల వడ్డీకి రూ.4 లక్షలు తెచ్చి ప్లాటుకు అడ్వాన్స్ ఇచ్చాం. ఇంకో రూ.5 లక్షలు కావాలి. పర్సనల్ లోన్ తీసుకోవాలా, మళ్లీ ఆ వడ్డీ వ్యాపారి దగ్గరే తేవాలా? ఎరియర్స్ వచ్చాక ఏ ఫండ్‌లో పెట్టాలి? ఇంటి ఖర్చు నెలకు రూ.30 వేలు. బ్యాంకులో రూ.14 వేలు, ఇంట్లో ఎనిమిది తులాల బంగారం ఉన్నాయి.

జవాబు: రెండూ వద్దమ్మా. ఇంకొక్క రూపాయి కూడా అప్పు తేకండి.

మీ డిమాండ్ న్యాయమైనదే. ఇండెంట్ రాయడం, స్టాక్ రిజిస్టర్ చూసుకోవడం, గడువు తీరిన మందులకు జవాబు చెప్పుకోవడం ఇద్దరికీ ఒకటే అయినప్పుడు జీతంలో తేడా ఎందుకని అడగాల్సిందే. కానీ మీరు వేసిన లెక్క తప్పు. 2016లో జగ్‌జీత్ సింగ్ కేసులో సుప్రీంకోర్టు, అదే పని చేసే తాత్కాలిక ఉద్యోగులకు ఇవ్వమన్నది రెగ్యులర్ స్కేలులోని కనీస వేతనం. అందులో ఇంక్రిమెంట్లు లేవు. పైగా జీతాల కేసుల్లో ఆలస్యంగా కోర్టుకు వెళ్తే, 2008 నాటి తర్సేమ్ సింగ్ తీర్పు ప్రకారం బకాయిలు మామూలుగా కేసు వేయడానికి ముందు మూడేళ్లకే పరిమితం. నెలకు రూ.9 వేలు చొప్పున 36 నెలలకు రూ.3.24 లక్షలు. కేసు వేశాక గడిచిన ఏడాది కలిపినా రూ.4.32 లక్షలు. అదీ గెలిస్తే, అప్పీళ్లన్నీ తేలితే. 2021 పీఆర్సీలో (జీతాల సవరణలో) రెగ్యులర్ ఉద్యోగులకే 12 నెలల బకాయిలు రిటైరైనప్పుడు ఇస్తామన్నారు. మీకు మాత్రం వెంటనే చేతిలో పెడతారని ఎలా అనుకున్నారు?

ఇక వడ్డీ చూడండి. రూ.4 లక్షలకు రెండు రూపాయల చొప్పున నెలకు రూ.8 వేలు. కోర్టులో మీరు కొట్లాడుతున్నది నెలకు రూ.9 వేల కోసం! కేసు ఐదేళ్లు సాగితే వడ్డీకే రూ.4.80 లక్షలు పోతాయి. ఎరియర్స్ నమ్ముకుని అప్పు చేసి ఇలా ఇరుక్కున్న ఉద్యోగులు నా దగ్గరికి చాలామంది వస్తుంటారు. అందుకే మీ ఉత్తరానికి ఇంత వివరంగా రాస్తున్నాను.

నన్ను అన్నిటికంటే భయపెట్టింది ఆ రూ.14 వేలు. కాంట్రాక్టు రెన్యూవల్ కాస్త ఆలస్యమైనా, బడ్జెట్ విడుదల కాక రెండు నెలల జీతం ఆగినా మీ ఇల్లు పదిహేను రోజులు కూడా నడవదు. అప్పుడు మళ్లీ ఆ వడ్డీ వ్యాపారి గుమ్మమే ఎక్కాలి. రెగ్యులర్ ఉద్యోగికి మూడు నెలల ఖర్చు చేతిలో ఉంటే సరిపోతుందేమో కానీ, మీకు ఆరు నెలలది, అంటే రూ.1.80 లక్షలు ఉండి తీరాలి. సగం విడి సేవింగ్స్ ఖాతాలో, సగం ఎఫ్‌డీలో వేయండి. అది పూర్తయ్యేదాకా ప్లాటు మాట, ఫండ్ మాట ఎత్తొద్దు. మీ పేరున టర్మ్ పాలసీ (మీకేమైనా అయితే ఇంట్లోవాళ్లకు డబ్బిచ్చే జీవిత బీమా) లేకపోతే అది మాత్రం ఈ నెలలోనే తీసుకోండి.

ముందు ప్లాటు యజమానితో మాట్లాడి అడ్వాన్స్ వెనక్కి అడగండి. ముప్పై, నలభై వేలు కోసుకుంటానన్నా ఒప్పుకోండి, ఐదు నెలల వడ్డీతో సమానం అంతే. ఆయన ఇవ్వనంటే బంగారం బ్యాంకులో పెట్టి, రూపాయి లోపు వడ్డీకి వచ్చే లోన్‌తో ఆ రెండు రూపాయల వడ్డీ అప్పు తీర్చేయండి. నెలకు నాలుగు వేలకు పైగా మిగులుతుంది. అందులో సగం అత్యవసర నిధికి, సగం బంగారం అసలుకు కట్టండి. డబ్బు తీర్చే రోజు ప్రాంసరీ నోటు వెనక చెల్లు రాయించుకుని, మీరు సంతకం పెట్టి ఇచ్చిన ఖాళీ చెక్కులేమైనా ఉంటే వాటినీ తీసుకున్నాకే అక్కడి నుంచి కదలండి.