పదిహేడేళ్ల డిఫెండర్ తొలి ఒప్పందం: ఆ డబ్బు ఎక్కడ ఉండాలి?

ప్రశ్న: మేము పదకొండేళ్లుగా నెదర్లాండ్స్‌లోని ఐండ్‌హోవెన్‌లో ఉంటున్నాం. మా అబ్బాయికి 17 ఏళ్లు. ఫుట్‌బాల్‌లో సెంటర్ బ్యాక్‌గా ఆడతాడు. రెండో డివిజన్ క్లబ్ ఒకటి మూడేళ్ల ప్రొఫెషనల్ ఒప్పందం ఇస్తామంటోంది. నెలకు 1,800 యూరోల జీతం, సంతకం చేసినందుకు 12,000 యూరోలు. చదువు మానేసి పూర్తిగా ఆట మీదే ఉంటానంటున్నాడు. వాడి యూనివర్సిటీ చదువుకని దాచిన 35,000 యూరోలకు ఈ 12,000 కలిపి హైదరాబాద్ శివార్లలో ప్లాటు కొనమని మా బావమరిది సలహా. "డచ్ డిఫెండర్ యాప్ స్టామ్ కూడా చిన్న క్లబ్‌లోనే మొదలుపెట్టి కోట్లకు అమ్ముడుపోయాడు" అని అబ్బాయి గుర్తు చేస్తున్నాడు. ఏం చేయమంటారు? ఒప్పందం కాపీ జతచేశాను.

జవాబు: ముందుగా మీ అబ్బాయికి నా హృదయపూర్వక అభినందనలు. ఈ వయసులో ప్రొఫెషనల్ ఒప్పందం చేతికి రావడం ఎంత కష్టమో, దాని వెనుక మీరిద్దరూ ఎన్ని తెల్లవారుజాములు మైదానాల దగ్గర గడిపి ఉంటారో ఊహించగలను. ఒప్పందం మీద సంతకం చేయించండి. ప్లాటు మాత్రం ఇప్పుడు కొనవద్దు. చదువు విషయంలో చట్టమే కొంత నిర్ణయించేసింది, దాని సంగతి తరువాత చెబుతాను.

మీరు పంపిన కాగితాన్ని రెండుసార్లు చదివాను. మీరు మూడేళ్లు అని రాశారు, కానీ అందులో ఉన్నది రెండేళ్లే. మూడో ఏడాది గురించిన వాక్యం ప్రకారం, పొడిగించాలా వద్దా అనే హక్కు క్లబ్‌కు మాత్రమే ఉంది, మీ అబ్బాయికి లేదు. అంటే వాడు బాగా ఆడితే క్లబ్ అదే షరతులతో ఉంచుకుంటుంది, ఆడలేకపోతే ఇంటికి పంపుతుంది. కాబట్టి మనం లెక్కలోకి తీసుకోదగినది 24 నెలల జీతం 43,200 యూరోలు, సంతకపు మొత్తం 12,000, వెరసి 55,200 యూరోలు, అదీ పన్నుకు ముందు. సంతకపు మొత్తం కూడా జీతం కిందికే వస్తుంది కనుక అందులోంచీ పన్ను కోసుకుంటారు. 12,000 అని కాగితం మీద ఉన్నంత మాత్రాన బ్యాంకులో 12,000 పడదు.

ఇక యాప్ స్టామ్ విషయం. మీ అబ్బాయి మంచి ఉదాహరణనే ఎంచుకున్నాడు, కానీ ఆ ప్రయాణాన్ని డబ్బు కోణంలో మొదటి నుంచి చివరి దాకా చూడాలి. స్టామ్ 1992లో, 20 ఏళ్ల వయసులో, జ్వోల్లె క్లబ్‌తో మొదలుపెట్టాడు. అక్కడి నుంచి కాంబ్యూర్, ఆ తరువాత విల్లెం-2, 1996లో మీ ఊరి పీఎస్‌వీ. మాంచెస్టర్ యునైటెడ్ అతన్ని కోటి పౌండ్లకు పైగా చెల్లించి తీసుకున్నది 1998లో, అంటే అతనికి 26 ఏళ్లు వచ్చే వేళకు. తొలి మ్యాచ్‌కూ ఆ ఇంగ్లండ్ ఒప్పందానికీ మధ్య ఆరేళ్లు, నాలుగు డచ్ క్లబ్బులు ఉన్నాయి. మీ అబ్బాయి అంత ఎదుగుతాడని నమ్మినా, ఈ తొలి రెండేళ్ల జీతాన్ని ఆ స్థాయి ఆశల మీద ఖర్చు పెట్టడానికి వీల్లేదు.

పైగా ఆ కోటి పౌండ్లు స్టామ్‌కు వచ్చినవి కావు. బదిలీ రుసుమును కొనే క్లబ్ అమ్మే క్లబ్‌కు చెల్లిస్తుంది. ప్రపంచ ఫుట్‌బాల్ సంఘం ఫిఫా ఇప్పటి నిబంధనల ప్రకారం అందులో 5 శాతం ఆటగాడికి 12 నుంచి 23 ఏళ్ల మధ్య శిక్షణ ఇచ్చిన క్లబ్బులకు పంచుతారు. ఆటగాడికి దక్కేది అతను మాట్లాడుకున్న జీతం, సంతకపు మొత్తం, బోనసులు. "కోట్లకు అమ్ముడుపోయాడు" అన్న మాట విన్నప్పుడల్లా ఆ కోట్లు ఆటగాడి జేబులోకి పోయాయని ఊహించుకోవడం మన ఇళ్లలో చాలా మామూలు. దాని వల్లనే కుటుంబాలు రాని డబ్బు మీద అప్పులు చేస్తాయి.

యునైటెడ్‌లో మొదటి సీజన్‌లోనే, 1999లో, మూడు పెద్ద ట్రోఫీలు గెలిచిన డిఫెండర్‌ను అదే క్లబ్ 2001 ఆగస్టులో రోమ్ నగరపు క్లబ్ లాజియోకు అమ్మేసింది. అది పొరపాటని మేనేజర్ అలెక్స్ ఫెర్గూసన్ తరువాతి రోజుల్లో స్వయంగా ఒప్పుకున్నాడు. ఎంత బాగా ఆడినా ఎక్కడ ఉండాలన్న నిర్ణయం ఆటగాడి చేతిలో పూర్తిగా ఉండదు. రోమ్‌కు వెళ్లాక ఇంకో సంగతి తెలిసింది. 2002లో లాజియో యజమాని సెర్జియో క్రాన్యోత్తికి చెందిన చిరియో ఆహార సంస్థ అప్పులు తీర్చలేక చేతులెత్తేసింది. క్లబ్ తన కెప్టెన్ నెస్తాను, ఫార్వర్డ్ క్రెస్పోను అమ్ముకోవలసి వచ్చింది, ఆటగాళ్ల జీతాలు ఆలస్యమయ్యాయి, పలువురు తమ జీతంలో కొంత భాగాన్ని వాయిదా వేసుకోవడానికి ఒప్పుకున్నారు. ఐరోపాలో అత్యంత ఖరీదైన డిఫెండర్లలో ఒకడైనా, నెలాఖరు జీతం యజమాని ఖాతా బాగుంటేనే వస్తుంది. మీ పక్కనే ఆర్నెమ్‌లో వీటెస్ క్లబ్‌కు ఆర్థిక నిబంధనల ఉల్లంఘనల వల్ల 2024లో 18 పాయింట్ల కోత పడి, పై లీగ్ నుంచి కిందికి పడిపోయింది. అక్కడి ఆటగాళ్లకు అది మైదానంలో జరిగిన తప్పు కాదు.

లాజియో తరువాత స్టామ్ 2004లో మిలాన్‌కు, 2006లో ఆమ్‌స్టర్‌డామ్ అయాక్స్‌కు వెళ్లాడు. 2007 అక్టోబరులో, 35 ఏళ్ల వయసులో, సీజన్ మధ్యలోనే ఆట ఆపేశాడు. పదిహేనేళ్లు, ఎనిమిది క్లబ్బులు. డిఫెండర్‌గా ఇది సుదీర్ఘమైన, అరుదైన కెరీర్. అయినా మామూలు ఉద్యోగి జీతం పెరిగే వయసులో అతని సంపాదన ఆగింది. శిక్షకుడిగా తరువాత పని దొరికింది, కానీ 2019లో ఫెయెనూర్డ్ కోచ్‌గా చేరిన కొన్ని నెలలకే రాజీనామా చేయవలసి వచ్చింది.

ఈ కారణంగానే డచ్ ఫుట్‌బాల్ సంఘం 1972 నుంచి కాంట్రాక్టు ఆటగాళ్ల నిధిని నడుపుతోంది. ఆటగాడి ఆదాయ స్థాయిని బట్టి కొంత భాగం పన్నుకు ముందే అందులో జమ అవుతుంది, కెరీర్ ముగిశాక నెలనెలా జీతంలాగా తిరిగి వస్తుంది, పన్ను అప్పుడు పడుతుంది. ఫుట్‌బాల్ ప్రపంచంలో నాకు అత్యంత గౌరవం కలిగించే ఏర్పాట్లలో ఇదొకటి. మీ అబ్బాయి జీతం మీద ఎంత జమ అవుతుందో, అదనంగా స్వచ్ఛందంగా వేసుకునే వీలుందో లేదో క్లబ్‌ను రాతపూర్వకంగా అడగండి. ఆ నిధి డచ్ క్లబ్బుల జీతానికి మాత్రమే వర్తిస్తుంది. రేపు బెల్జియానికో ఇంగ్లండ్‌కో వెళ్తే ఆ అలవాటును మీరే కొనసాగించాలి.

నన్ను ఎక్కువ కలవరపెడుతున్నది గాయాలు, ముఖ్యంగా మోకాలి గాయం. ఉద్యోగి జబ్బు పడినా గాయపడినా యజమాని రెండేళ్ల వరకు కనీసం 70 శాతం జీతం ఇవ్వాలన్నది నెదర్లాండ్స్ చట్టం. ఈలోగా ఒప్పందం గడువు ముగిస్తే ఆ రెండేళ్లు పూర్తయ్యే వరకు ప్రభుత్వ సంస్థ సాయం చేస్తుంది. ఆ తరువాత వైకల్య భృతికి లెక్క వేసే పద్ధతి ఆటగాళ్లకు కఠినం. మీ అబ్బాయి ఇక ఫుట్‌బాల్ ఆడలేడా అని వారు అడగరు, ఇంకే పనైనా చేసి ఎంత సంపాదించగలడని అడుగుతారు. పాత సంపాదనలో 35 శాతం కంటే తక్కువ నష్టపోయినట్టు తేలితే భృతి రాదు. 1,800 యూరోల జీతగాడు మోకాలు పోయినా దుకాణంలో కూర్చుని అంత సంపాదించగలడు కనుక, కాగితం మీద అతనికి నష్టమే లేదు. అందుకే కెరీర్ ముగిసిపోయే గాయానికి ప్రత్యేక బీమా ఉందా, ఆ బీమా సొమ్ము క్లబ్‌కు వెళ్తుందా, ఆటగాడికి వస్తుందా అన్నది తప్పక తేల్చుకోండి. ఆటగాడికి రాకపోతే, సంతకపు మొత్తంలో మొదటి ఖర్చు ఆ బీమా ప్రీమియమే కావాలి.

అదే కారణంతో ప్లాటు వద్దన్నాను. భూమి మీద నాకు వ్యతిరేకత లేదు. కానీ 19 ఏళ్లకు ఒప్పందం పొడిగించకపోతే మీకు డబ్బు వారాల్లో కావాలి, ప్లాటు అమ్ముడుపోవడానికి నెలలు పడుతుంది. ప్రవాసి అమ్మితే కొనేవారు చెల్లింపులోంచే పన్ను (టీడీఎస్) కోస్తారు, మిగిలింది ప్రవాసుల కోసం భారత బ్యాంకుల్లో ఉండే ఎన్‌ఆర్‌ఓ ఖాతాలో పడి, పన్ను పత్రాలు పూర్తయ్యాకే ఇక్కడికి వస్తుంది. శివార్లలో ఫామ్ ప్లాట్ల పేరుతో అమ్మేది చాలాసార్లు వ్యవసాయ భూమే. విదేశీ మారక ద్రవ్య చట్టం (ఫెమా) నిబంధనల ప్రకారం ప్రవాస భారతీయులు, విదేశీ పౌరసత్వం తీసుకున్న ఓసీఐ కార్డుదారులు దాన్ని కొనకూడదు. ఎప్పుడైనా కొంటే హైదరాబాద్ నగరాభివృద్ధి సంస్థ (హెచ్‌ఎండీఏ) అనుమతి, స్థిరాస్తి నియంత్రణ సంస్థ (రెరా) నమోదు ఉన్న నివాస లేఅవుట్‌లో, మీ సొంత పొదుపుతో, మీ పేరిట కొనండి. నెదర్లాండ్స్ పన్ను రిటర్నులో ఆ ఆస్తినీ చూపాలన్నది మరవకండి.

35,000 యూరోలను చదువు కోసమే ఉంచండి. డచ్ బ్యాంకులో ఒక్కో వ్యక్తికి ఒక్కో బ్యాంకులో లక్ష యూరోల వరకు హామీ ఉంటుంది, అక్కడే డిపాజిట్‌గా ఉండనివ్వండి. చట్టబద్ధ రుసుము వర్తించే విద్యార్థికి ఏడాది ఫీజు సుమారు 2,600 యూరోలే కనుక, ఆ మొత్తం నాలుగేళ్ల ఫీజుకూ, అద్దెలో కొంత భాగానికీ సరిపోతుంది. ఆ డబ్బు కదలకుండా ఉన్నంత కాలం వాడు భయం లేకుండా ఆడగలడు. జీతం విషయానికొస్తే, ఇంట్లోనే ఉంటాడు గనుక నెలకు తన ఫోను, బూట్లు, ప్రయాణం పోగా మిగిలింది పక్కన వేయమనండి. ఆ జీతం మీద ఇంటి ఖర్చు ఏదీ ఆధారపడనివ్వకండి. 18 నిండే వరకు వాడి పేరిట ఉన్న పొదుపును పన్ను లెక్కలో మీ ఆస్తితో కలిపే చూస్తారు.

చదువు మానడం గురించి: ఉన్నత మాధ్యమిక డిప్లొమా గానీ రెండో స్థాయి వృత్తి విద్యా ధ్రువపత్రం గానీ చేతిలో లేనంత వరకు, 18 ఏళ్లు నిండేదాకా బడికి వెళ్లడం ఇక్కడి చట్టం ప్రకారం తప్పనిసరి. క్రీడాకారుల కోసం శిక్షణ వేళలకు తగ్గట్టు తరగతులు సర్దే పాఠశాలలు ఉన్నాయి, వాటిలో ఒకదానికి మార్చే వీలుందేమో కనుక్కోండి.

సంతకానికి ముందు ఒప్పందాన్ని ఆటగాళ్ల సంఘం వీవీసీఎస్ న్యాయవాదికి చూపించండి. ఏజెంటు ఉంటే అతని ఫిఫా లైసెన్సు అడగండి. ఫిఫా నిబంధన ప్రకారం 18 లోపు వారి ఒప్పందం మూడేళ్లు దాటకూడదన్నది కూడా గుర్తుంచుకోండి. ఆ మూడో ఏడాది వాక్యాన్ని తీసేయమని, లేదంటే పొడిగిస్తే జీతం ఇంత పెంచాలని చేర్చమని క్లబ్‌ను మర్యాదగా అడగండి. వారి సమాధానం రాగానే బీమా పత్రంతో కలిపి నాకు పంపండి, 12,000లో ఎంత దేనికి పోవాలో అప్పుడు నెలవారీగా లెక్క వేసి ఇస్తాను.