భర్మార్ గుండు కిందికి పోతోందా? ఆకురాయి పట్టే ముందు ఇది చూడండి

ప్రశ్న: నాన్న పేరు మీదున్న లైసెన్సు భర్మార్ (మూతి నుంచి మందు, గుండు దట్టించే తుపాకి) నా పేరుకు మారింది. 25 మీటర్ల దగ్గర ఐదు గుండ్లు కాలిస్తే రెండే అట్టకు తగిలాయి, అవీ కింద. గొట్టం కొసన గురి చూసే పూస అరగదీయాలా?

వద్దు. ఆ ఆకురాయి పక్కన పెట్టండి. ఆ తప్పు నేను ఆల్రెడీ చేసి ఉన్నాను.

మాది మహారాష్ట్ర గడ్చిరోలి జిల్లా సిరొంచ తాలూకా, ప్రాణహిత ఒడ్డున. మా నాన్న తర్వాత నాకొచ్చిన టోపీ తుపాకి కూడా ఇలాంటిదే. లోపల మరలు లేని నున్నటి గొట్టం, కొసన ఇత్తడి పూస, వెనక సైటు (గురి చూసే గాడి) లేదు. మొదటి రోజు గుండ్లన్నీ కిందికి పోతున్నాయని పూసను రుద్దాను. పూస ఎత్తు తగ్గితే గుండు పైకి లేస్తుంది, ఆ లెక్కలో తప్పు లేదు. రెండు కాల్చి మళ్లీ రుద్దాను. తర్వాత ఓ రోజు గొట్టం శుభ్రంగా తుడిచి కాలిస్తే అన్నీ బెత్తెడు పైన! రుద్దిన ఇత్తడి మళ్లీ మొలవదు కదా. కొత్త పూస పెట్టించుకోవడానికి తుపాకి, లైసెన్సు పట్టుకుని చంద్రపూర్ దాకా తిరిగాను.

మొదటి దోషం పూసలో కాదు, నూనెలో ఉంది. గోడకు ఆనించిన తుపాకిలో నూనె మెల్లగా దిగి, మందు కూర్చునే చోట చేరుతుంది. అందుకే మొదటి గుండు ఫుస్సుమని తేలిపోతుంది. ఇప్పుడు నేను ముందు పొడిగుడ్డతో లోపలంతా తుడుస్తాను. తర్వాత మందు వేయకుండా ఉత్త టోపీ (మందును అంటించే చిన్న పేలుడు మూత) పెట్టి, గొట్టం మూతిని ఓ గడ్డిపోచ దగ్గర ఉంచి పేలుస్తాను. గడ్డి ఊగితే దారి తెరుచుకున్నట్టు. ఊగకపోతే ఇంకో టోపీ.

దట్టించడంలో మన చేతికి వాటం ఉండదు, ఒకసారి గట్టిగా, ఒకసారి వదులుగా పడుతుంది. దట్టించే కడ్డీ మీద రెండు గీతలు పెట్టుకోండి. ఖాళీ గొట్టంలో ఎంత దిగుతుందో ఒకటి, మందూ గుండూ పడ్డాక ఎక్కడ ఆగాలో ఇంకొకటి. రెండో గీత బయటే ఉండిపోయిందంటే గుండు మందు మీద ఆనలేదని అర్థం. అలా కాలిస్తే గొట్టమే పగలొచ్చు. మందును డబ్బాలోంచి నేరుగా ఎప్పుడూ పోయొద్దు, లోపల నిప్పురవ్వ మిగిలి ఉండొచ్చు. చిన్న కొలతతోనే పోయాలి, అదీ ప్రతిసారీ ఒకటే కొలత. తయారీదారు చెప్పిన దాన్ని దాటొద్దు. తోటాలోని పొగరాని మందు మాత్రం జన్మలో వేయొద్దు.

గుండు చుట్టే గుడ్డ అచ్చమైన నూలుదే కావాలి. నేను ఓసారి పాత పంచె, ఓసారి తువ్వాలు చింపి వేసి, గుండ్లు ఎందుకు చెదురుతున్నాయో తెలియక తల పట్టుకున్నాను. కాల్చాక గొట్టానికి కొన్ని అడుగుల ముందు ఆ గుడ్డముక్క పడి ఉంటుంది, ఏరి చూడండి. అంచు కొంచెం పీచులేచి, నడుమ నల్లటి ముద్ర ఉంటే బాగున్నట్టు. చిల్లి పడిందంటే గుడ్డ పలచనైంది. ఇక ఈ నల్ల తుపాకిమందు కాలాక సగానికి పైగా మసిగా, పొగగానే మిగులుతుంది. అందుకే ప్రతి గుండు కాల్చాక గొట్టాన్ని ముందు తడిగుడ్డతో, తర్వాత పొడిగుడ్డతో తుడవాలి.

అన్నిటికన్నా ముఖ్యమైనది ఇప్పుడు చెప్తా. వెనక సైటు లేని తుపాకికి మీ కన్నే వెనక సైటు. కంటికీ పూసకీ మధ్య 1 మీటరు అనుకుందాం. కన్ను 4 మి.మీ. పైకి జరిగితే 25 మీటర్ల దగ్గర గుండు 10 సెం.మీ. పైకి పోతుంది. దవడ కాస్త గట్టిగా అదిమితే చాలు, అంతే కిందికి దిగుతుంది. అంటే ఆకురాయి చేసే పని మీ చెంపే చేసేస్తోంది! యూరియా సంచిలో ఇసుక నింపి, ముందు కట్టె భాగాన్ని దాని మీద ఆనించండి (గొట్టాన్ని కాదు). చెంప రోజూ ఒకేచోట ఆనాలి. ఘోడా (టోపీని కొట్టే సుత్తి) పడ్డాక మందు అంటుకోవడానికి క్షణం పడుతుంది, అప్పటిదాకా తల ఎత్తొద్దు. టోపీ పేలి మందు అంటుకోకపోతే ఒక నిమిషం గొట్టాన్ని గురివైపే ఉంచండి.

12 మీటర్ల దగ్గర మొదలుపెట్టి, మూడేసి గుండ్ల గుంపు చూడండి. ఒక గుండును చూసి ఏదీ మార్చొద్దు. మూడూ ఒకేచోట పడుతూ పక్కకు పోతేనే పూస సంగతి. గుండు ఎడమకు పోతుంటే పూసను ఎడమకే జరపాలి, అదీ లైసెన్సున్న మరమ్మతుదారు చేత. వీడియోల్లో 100 గజాలు కొట్టే అమెరికా తుపాకులకు లోపల మరలుంటాయి. మన నున్నటి గొట్టం 25 మీటర్ల దగ్గర అరచేతంత గుంపు వేసిందంటే మంచి తుపాకే.

చెరువుకట్ట లాంటి మట్టిదిబ్బ వెనక ఉన్నచోటే, పోలీస్ స్టేషన్లో చెప్పి, వాళ్లు ఒప్పుకున్నాకే కాల్చండి. నక్సల్స్ బెడద చూసిన మన జిల్లాలో తుపాకి చప్పుడంటే ఏమవుతుందో మీకు తెలుసు. నది వైపు అసలే వద్దు. గుండు నీళ్ల మీద ఎగిరిపోతుంది, అవతల తెలంగాణ ఊళ్లున్నాయి. 1959 ఆయుధాల చట్టంలో పంట కాపలాకు ఈ తుపాకి ఇస్తారు గానీ, అది అడవి పందిని కొట్టే పర్మిట్ కాదు. 1972 వన్యప్రాణి చట్టం వేరే ఉంది. అభయారణ్యానికి 10 కిలోమీటర్ల లోపు ఊరైతే లైసెన్సును అటవీశాఖ దగ్గర నమోదు చేయించాలి, నాన్నగారు చేయించారో లేదో చూసుకోండి.

ఇంటికొచ్చాక ఆ సాయంత్రమే వేడినీళ్లతో కడగండి, తెల్లారితే తుప్పే. మూడు గుండ్ల అట్ట, దొరికిన గుడ్డముక్కలు రెండూ ఫొటో తీసి పెట్టండి, చూసి చెప్తాను.