అమ్మమ్మ చేతి కొలతను కాటా మీదకు ఎక్కించండి

"అమ్మమ్మకీ తాతయ్యకీ ఎంతో రుణపడి ఉన్నాను, కానీ ఎదురుగా కూర్చుని ఆ మాట అనలేకపోతున్నాను. ఏం చేస్తే బాగుంటుంది?" అని అడిగారు. మా విజయవాడ, గుంటూరు వైపు ఇళ్ళను చూసి చెబుతున్నాను: వాళ్ళకు వచ్చిన పని ఒక్కటి పట్టుకుని, పక్కన కూర్చుని, కొలతలతో సహా నేర్చుకోండి. పెద్దవాళ్ళకు ఇంతకంటే నిండుగా అందే కృతజ్ఞత లేదు.

ముందు నా బాధ ఒకటి చెప్పాలి. వెయ్యి పున్నములు చూసినవాళ్ళకు సహస్ర చంద్ర దర్శనం చేస్తారు. లెక్క వేస్తే ఇంచుమించు 81వ ఏట వస్తుంది. ఆ వయసు మనిషిని పట్టుబట్టలు కట్టి, లైట్ల వేడిలో, పెద్ద కుర్చీలో గంటల తరబడి కూర్చోబెట్టి వరసగా ఫొటోలు దిగుతారు. భోజనం ఆలస్యమవుతుంది, షుగరు మాత్ర వేళ తప్పుతుంది. వచ్చిన వందమందిలో ఒక్కరూ పది నిమిషాలు కూర్చుని మాట్లాడరు. వేడుక మానమని అనను. పూజ, అక్షింతలు గంటలో ముగించి, మిగతా పూట వాళ్ళ చుట్టూ చాప వేసుకుని కూర్చోండి. వాట్సాప్‌లో పెట్టే దండం బొమ్మలకంటే అది నయం.

ఇక నేర్చుకోవడం సంగతి. ఆవకాయతో మొదలుపెట్టమంటాను. అడిగితే అమ్మమ్మ ఏం చెబుతుంది? "అన్నీ సమానమే, ఉప్పు కాస్త తగ్గించి" అంటుంది. ఆ సమానం సోల అనే కొలత గిన్నెతో కొలిచిన సమానం, తూకం సమానం కాదు. చాలామంది పిల్లలు ఇక్కడే దెబ్బతింటారు. ఒకే గ్లాసుతో కొలిస్తే దంచిన ఉప్పు ఎంత తూగుతుందో, కారం అందులో సగం తూగితే గొప్ప. కాబట్టి కాటా మీద కారం, ఉప్పు చెరో పావుకిలో పెట్టుకుంటే, అమ్మమ్మ లెక్కలో ఉప్పు సగానికి పడిపోయినట్టే. ఉప్పు తక్కువైన పచ్చడి పులిసి పొంగుతుంది, ముక్క మెత్తబడుతుంది, నెల తిరక్కుండా బూజు పడుతుంది. అప్పుడు కాయ మంచిది కాదని మామిడికాయను తిడతారు.

అందుకని మొదట ఆ ఇంటి సోలనే తేల్చుకోండి. దాన్ని అంచు దాకా నీళ్ళు పోసి తూచండి. ఖాళీ సోల బరువు తీసేశాక ఎన్ని గ్రాములు మిగిలితే అన్ని మిల్లీలీటర్లు. రెండు సోలలు తవ్వ, రెండు తవ్వలు మానిక, నాలుగు మానికలు కుంచం అనే లెక్క అందరికీ ఒకటే అయినా, సోల గిన్నె మాత్రం ఇంటికో సైజులో ఉంటుంది. అమ్మమ్మ అంచుకు సమంగా కొలుస్తుందా, గోపురంలా పోస్తుందా అన్నదీ చూడండి. ఆ గోపురంలోనే చాలా తేడా వస్తుంది.

చేత్తో వేసేదాన్ని కొలవడానికి సులువైన దారి ఉంది. ఆమె చేతిని ఆపి "ఉండు, తూస్తాను" అనకండి, ఆ విసుగుతో అసలు కొలతే మారిపోతుంది. ఉప్పు డబ్బానే కాటా మీద పెట్టి, అంకె రాసుకుని, ఆమె మానాన ఆమెను తీసుకోనివ్వండి. తీసుకున్నాక మళ్ళీ అంకె చూడండి. తగ్గినదే ఆమె గుప్పెడు. మెంతులకు, పసుపుకు, వెల్లుల్లికి కూడా ఇంతే. నూనె సీసానైతే పోయకముందు, పోశాక తూచండి. రెండు సార్లు ఇలా చేస్తే తెలుస్తుంది, ఆ చేతిలో పడే బరువు పెద్దగా మారదు.

మా వైపు మామూలుగా ముక్కలు ఐదు కొలతలైతే కారం ఒకటి, ఆవపిండి ఒకటి, ఉప్పు ముప్పావు నుంచి ఒకటి, పప్పునూనె రెండు దాకా పడుతుంది. మీ ఇంటి లెక్క వేరుగా ఉంటే మీ ఇంటిదే రాసుకోండి. కాయ పుల్లగా, గట్టిగా, టెంక ముదిరి ఉండాలి. కడిగి, తుడిచి, తడి పూర్తిగా ఆరాకే కొట్టాలి. జీడి తీశాక టెంకకు అంటుకున్న పల్చటి పొర కూడా ఒలిచేయాలి. ఆవాలు ఎండబెట్టి మిక్సీలో ఆపి ఆపి తిప్పాలి, గిన్నె వేడెక్కితే పిండి చేదెక్కుతుంది. మెత్తటి ప్యాకెట్ ఉప్పు వాడుతుంటే అదే సోలకు బరువు ఎక్కువ వస్తుంది, అందుకే కల్లుప్పు ఎండబెట్టి దంచినదే ఆమె కొలతకు సరిపోతుంది. తేజ రకం కారమైతే ఘాటు ఎక్కువ, ఆమె వాడే మిరపకాయ ఏదో అడగకుండా కారం కొనకండి. జాడీకి వాసెన కట్టి, మూడో నాడు తిరగకలిపి, ఉప్పు అప్పుడు చూడాలి. ముక్క మీద నూనె తేలకపోతే ఇంకా పోయాలి. ఆ మూడో నాడు రుచి చూడమని మీరు కలిపిన పచ్చడి ఆమె చేతిలో పెట్టండి. "ఉప్పు చాల్లేదు" అంటే సంతోషించండి, ఎంత చాల్లేదో అడిగి అదీ రాసుకోండి.

తాతయ్య దగ్గర వేరే విద్య ఉంటుంది. మిరప సాగు చేసినవాడైతే కిలో ఎండు మిర్చి తెచ్చి ముందు పోయండి. గుప్పెట్లో పట్టి ఊపి గింజ చప్పుడు వింటాడు, తొడిమ దగ్గర విరిచి చూస్తాడు, రంగు పోయి తెల్లబారిన తాలు కాయలు పక్కకు ఏరేస్తాడు. ఆరని కాయను బస్తాలకు ఎత్తితే లోపల బూజు పట్టి రంగు పోతుంది, మార్కెట్ యార్డులో ధర అక్కడే పడిపోతుంది. ఇవన్నీ ఆయన మాటల్లో చెప్పలేకపోవచ్చు. వీడియో తీసేటప్పుడు ముఖాన్ని కాదు, చేతుల్ని తీయండి.

వాళ్ళ జీవితం గురించి అడిగేటప్పుడు "ఏ సంవత్సరం?" అనకండి, తడబడతారు. మన ప్రాంతంలో కొండగుర్తులకు కొదవ లేదు. కొత్త పైసలు వచ్చిన ఏడు 1957. ప్రకాశం బ్యారేజీ పూర్తయిందీ ఆ ఏడే. సాగర్ కాలువలకు నీళ్ళు వదిలింది 1967. దివిసీమ ఉప్పెన 1977 నవంబరు 19. కృష్ణా పుష్కరాలు 2016, 2004, 1992, 1980. "పుష్కరాలకు మీ అమ్మ చంకలో ఉంది" అంటే చాలు, ఏడు దొరికిపోతుంది. విరోధి నామ సంవత్సరంలో పుట్టానంటే 1949, అరవై ఏళ్ళ తర్వాత 2009 కూడా విరోధే. ఉగాదికి ముందు నెలలో పుట్టి ఉంటే మాత్రం ఇంగ్లీషు లెక్కలో తర్వాతి ఏడు, అంటే 1950 అవుతుంది.

రికార్డు చేసేటప్పుడు ఫ్యాన్ ఆపండి. ఆ గాలి చప్పుడు తర్వాత పూర్తిగా తీసేయడం కష్టం. ఫోను మడతపెట్టిన తువ్వాలు మీద, నోటికి మూరెడు దూరంలో, ఏరోప్లేన్ మోడ్‌లో పెట్టాలి, లేకపోతే మధ్యలో కాల్ వచ్చి ఆగిపోతుంది. పొద్దున కాఫీ తాగాక అరగంట చాలు, మధ్యాహ్నం అన్నం తిన్నాక వద్దు. ఒక రోజుకు ఒకే సంగతి. తప్పు చెబుతున్నారనిపించినా సరిదిద్దకండి, ఒకసారి దిద్దితే తర్వాత ముక్తసరిగా మాట్లాడతారు. ఫైలుకు తేదీ, పేరు, సంగతి రాసి, ఫోనులో కాక ఇంకో రెండు చోట్ల దాచండి.

వాళ్ళు ఇప్పటికే లేకపోతే, ఆ ఇంట్లో ఎక్కువ కాలం పక్కన నిలబడి పని చేసింది ఎవరో వెతకండి. చాలా ఇళ్ళల్లో అది పెద్ద కోడలు, లేదంటే పచ్చళ్ళకు కాయ కొట్టడానికి ఏటా వచ్చే మనిషి. కూతుళ్ళు పెళ్ళై వెళ్ళిపోతారు, కొలత తెలిసినవాళ్ళు ఇక్కడే ఉంటారు. వాళ్ళను అడిగేటప్పుడు ఆ పాత సోల కూడా తీసుకెళ్ళండి. దాన్ని చేతికిస్తే గ్రాముల్లో చెప్పలేని కొలత చేసి చూపిస్తారు.