అమ్మకి స్మార్ట్ ఫోన్ కొనివ్వాలా అంటే, మా నెల్లూరు జిల్లా పల్లెల్లో నేను చూసింది చెప్తా

మీరు అడిగింది ఇది కదా. అమ్మకి యాభై దాటాయి, కావలి పక్కన పల్లె, స్మార్ట్ ఫోన్ కొనిద్దామంటే నాన్న "ఆడోళ్ళకి అదెందుకు, రీల్స్ చూసేదానికా" అంటున్నాడు, అసలు ఈ ఫోన్ల వల్ల మన పల్లెల్లో ఆడవాళ్ళకి ఏమన్నా ఒరిగిందా అని. నాది కలిగిరి వైపు. పొదుపు సంఘాల లెక్కలు రాసే పని చాలా ఏళ్ళు చేశా, ఇప్పుడు వీఓఏ అంటున్నారు గానీ మా ఊళ్ళో ఇంకా యానిమేటరమ్మ అనే పిలుస్తారు. కాబట్టి చూసినకాడికి చెప్తా, కొంచెం పెద్దగానే ఉంటది, ఓపిక చేసుకోండి.

ఒరిగింది. కానీ ఫోన్ ఒక్కటే వచ్చి ఏదో చేసేసింది అంటే నేను ఒప్పుకోను. ఆడవాళ్ళు ముందే పదిమంది ఒకచోట కూర్చునే అలవాటున్న ఊళ్ళో ఫోన్ బ్రహ్మాండంగా పనికొచ్చింది, ఎవరికి వాళ్ళు గదిలో కూర్చుని చూసుకున్న చోట అదే ఫోన్ వాళ్ళని ఇరికించింది.

మా జిల్లా సంగతి తెలియని పిల్లోళ్ళ కోసం ఒక ముక్క. 1991లో ఇక్కడ అక్షరదీపం అని సంపూర్ణ అక్షరాస్యత కార్యక్రమం జరిగింది, పొద్దంతా కూలికి పోయొచ్చిన ఆడవాళ్ళు రాత్రిపూట పలకలు పట్టుకుని కూర్చునేవాళ్ళు. ఆ వాచకంలో సారా వల్ల సంసారం పాడైన సీతమ్మ అనే ఆవిడ కథ పాఠంగా ఉండేది. అది చదివి "ఇది మన కథే కదా" అనుకున్న దూబగుంట ఊరి ఆడవాళ్ళు సారా కొట్టు మూయించారు, అందులో ముందు నిలబడ్డ రోశమ్మ గారి పేరు మీరు వినే ఉంటారు. వాళ్ళు చేసింది తర్వాత మళ్ళీ పాఠంగా వచ్చింది, దాన్ని చదివి పక్క ఊళ్ళు లేచాయి, 1992లో సారా వేలంపాటలు జరగనీలేదు, 1993 అక్టోబర్ 1 నుంచి రాష్ట్రమంతా సారా బందు. ఆ తర్వాత వాళ్ళే రోజుకో రూపాయి దాచి పొదుపులక్ష్మి అనే పొదుపు సంఘాలు నడిపించారు. మా అమ్మ కూడా ఆ రాత్రి బడిలోనే సంతకం నేర్చుకుంది. అంటే అక్షరాలు నేర్చుకుంది ఒక్కతే కూర్చుని కాదు, చదివింది పక్కనామెతో మాట్లాడుకుంది, మాట్లాడుకున్నది పొద్దున్నే పోయి చేసింది. ఫోన్‌లో, చదివిందానికీ చేసేదానికీ మధ్యలో ఉండే ఆ మాట్లాడుకోవడమే కరువు.

ఇక ఫోన్ ఎవరి దగ్గర ఉంది అనే సంగతి. 2019-21లో చేసిన జాతీయ కుటుంబ ఆరోగ్య సర్వేలో మన రాష్ట్రంలో ఎప్పుడైనా ఇంటర్నెట్ వాడామన్న ఆడవాళ్ళు నూటికి 21 మంది, మగవాళ్ళు దాదాపు 49 మంది, తమకంటూ వాడుకునే ఫోన్ ఉన్న ఆడవాళ్ళు సగం కూడా లేరు. ఇప్పుడు పెరిగుంటారులే, మా వీధిలోనే కనపడతా ఉంది. కానీ నేను పుస్తకం పట్టుకుని "నీ నంబర్ చెప్పమ్మా" అని అడిగితే వచ్చే జవాబు మాత్రం చాన్నాళ్ళు ఒకటే, "మా ఆయనది రాసుకో", లేకపోతే "మా పిల్లోడిది రాయి, బెంగుళూర్లో ఉండాడు". ఖాతా ఈమెది, ఆధార్ ఈమెది, అప్పు తీర్చేది ఈమె, మెసేజ్ మాత్రం ఇంకొకరి జేబులో మోగుద్ది.

దీనివల్ల ఏమవుద్దో చెప్తా. 2020లో ఆడవాళ్ళకి సర్కారు ఇచ్చిన చేయూత పథకం డబ్బులు 18,750 రూపాయలు పడ్డాయి. మా సంఘంలో ఒకామె ఆ డబ్బుకి ఇంకొంత సంఘం అప్పు కలిపి పాడిబర్రెని తెచ్చుకుందామని లెక్కలేసుకుని ఉంది. మెసేజ్ ఆయన ఫోన్‌కి పోయింది, ఖాతాకి ఆయన నంబరే కాబట్టి ఆయన ఫోన్‌లోనే యూపీఐ తెరుచుకుంది, ఏటీఎం కార్డు కూడా ఆయన దగ్గరే కాబట్టి పిన్ పెట్టుకోవడం ఎంతసేపు. ఈమె పాస్‌బుక్ పట్టుకుని బ్యాంకుకి పోయేసరికి అందులో ఏం లేదు. దొంగతనం అందామా అంటే మొగుడు, కాదందామా అంటే డబ్బులు ఆమెవి. మీటింగ్‌లో చెప్పుకుని ఏడిస్తే పక్కనామె "ఏందిమేయ్ ఏడుస్తా కూర్చుంటావు, పోయి నంబర్ మార్పిచ్చుకో" అనింది. అంతే, ఆ వారంలో రెండు ఆటోల్లో కట్టకట్టుకుని బ్యాంకుకి పోయారు అందరూ. ఒక్కామె పోతే రేపు రామ్మా అంటారు గానీ అంతమంది గుమ్మంలో నిలబడితే ఫారాలు వాటంతట అవే బయటకి వస్తాయి. సిమ్‌లు కూడా ఆధార్ చూపించి తమ పేరు మీదే తీసుకున్నారు. కొన్ని ఇళ్ళల్లో గొడవలయ్యాయి, అబద్ధం ఎందుకు, ఒకాయన వారం రోజులు ఇంట్లో అన్నం తినలేదు, మా ఇంటిముందుకి కూడా వచ్చి నన్ను నాలుగు మాటలన్నాడు. పోనీలే.

నంబర్ మారినాక ఇంకో మంచి కూడా జరిగింది, అది నేను అనుకోలేదు. ముందు సంఘం లీడరు వాయిదా డబ్బులు బ్యాంకులో కట్టిందో ఇంట్లో వాడుకుందో పుస్తకం చూస్తే గానీ తెలిసేది కాదు, పుస్తకం చదవడం సగంమందికి రాదు. ఇప్పుడు జమ అయినా, కట్ అయినా మెసేజ్ వస్తా ఉంటే వాళ్ళే నన్ను నిలదీస్తారు, "ఏమ్మా యానిమేటరమ్మా, నాకు ఈ నెల ఎక్కువ కట్ అయిందే" అని. లెక్క రాసేవాళ్ళకి ఇది తలనొప్పే, కానీ బాగుంటది.

ఉపాధి హామీ పని సంగతి కూడా చెప్పాలి. 2023 జనవరిలో హాజరు అంతా ఫోన్‌లో ఫోటోతోనే, రోజుకి రెండుసార్లు అని పెట్టారు. మా వైపు చెరువు కట్ట కాడ సిగ్నల్ ఒక మూల వస్తది, ఇంకో మూల రాదు, ఎండాకాలం పొద్దున్నే గడ్డపార పట్టుకుని పని ముగించినా రెండో ఫోటో కోసం చింతచెట్టు కింద కూర్చోవాల్సొచ్చింది. ఇంట్లో పాలకి ఏడ్చే బిడ్డని పెట్టుకుని వచ్చినామె పరిస్థితి ఆలోచించండి. అయితే దీనికి ఇంకో వైపు కూడా ఉంది. మేటుగా, అంటే కూలీల హాజరు వేసే మనిషిగా, పనిచేయాలంటే స్మార్ట్ ఫోన్ వాడటం రావాలి కాబట్టి టెన్త్ చదివి ఇంట్లో కూర్చున్న కోడళ్ళు కొంతమంది మేట్లు అయ్యారు, మా పెదనాన్న కోడలు వాళ్ళలో ఒకతె. పదిమంది ముందు పేరు పెట్టి పిలిచే పని ఆమెకి అదే మొదటిది. ఒకే యాప్, ఒకరికి కూలి ఇబ్బంది, ఇంకొకరికి ఉద్యోగం, దీన్ని మంచి అనాలా చెడ్డ అనాలా అంటే నా దగ్గర ఒక్క ముక్కలో జవాబు లేదు.

వ్యాపారం విషయానికొస్తే మా వదినది కందుకూరు, చీరాల నుంచి, వెంకటగిరి నుంచి చీరలు తెప్పించి వాట్సాప్‌లో అమ్ముద్ది. మధ్యాహ్నం పని అయ్యాక మంచం మీద చీర పరిచి "పల్లూ చూడండి అక్కా, జాకెట్ ముక్క ఉంది, కలర్ పోదు" అని వీడియో తీసి పెడితే సాయంత్రానికి బుకింగ్‌లు. బాగానే మిగులుద్ది గానీ కష్టం కూడా అంతే, చూసి చూసి వద్దనేవాళ్ళు, కట్టుకుని ఫంక్షన్‌కి పోయొచ్చి రిటర్న్ అనేవాళ్ళు, అర్ధరాత్రి "హాయ్" అని పెట్టే ముఖం లేని మగాళ్ళు. ముందు అత్తగారు "ఎవరితో ఆ మాటలు" అని సణిగేది, కరెంట్ బిల్లు, పిల్లల ఫీజు వదినే కట్టడం మొదలయ్యాక ఆమే చీరలు మడతపెట్టి కవర్లో పెడతా ఉంది. ఉదయగిరి చెక్క గరిటెలు, స్పూన్లు తెలుసు కదా, జీఐ గుర్తింపు, అంటే ఇది ఫలానా ఊరి సరుకే అనే గుర్తింపు, ఉంది, ఆ పని చేసేది ఎక్కువగా ఆడవాళ్ళే. ఎగ్జిబిషన్ పెడితేనో, ఎవరో షాపు వాళ్ళు కొంటేనో తప్ప వాటి ధర ఎంత పలుకుద్దో చేసేవాళ్ళకే తెలిసేది కాదు. ఇప్పుడు ఆన్‌లైన్‌లో తమ స్పూను ఎంతకి అమ్ముతున్నారో చూసి నోరు తెరిచినామెని నేను చూశా. రేటు తెలిసినంత మాత్రాన ఆ డబ్బు ఆమె చేతికి రాదు, అది వేరే సంగతి, కానీ బేరం ఆడేదానికి నోట్లో ఒక అంకె ఉంటది.

శ్రీసిటీలో సెల్‌ఫోన్లు బిగించే పని 2015లో మొదలైంది, నాయుడుపేట, సూళ్ళూరుపేట వైపు ఆడపిల్లలు చాలామంది కంపెనీ బస్సులెక్కి అట్లాంటి ఫ్యాక్టరీలకి పోతారు. మా బంధువుల అమ్మాయి ఒక కంపెనీలో చేసింది, రోజంతా ఫోన్లు బిగిస్తది, తన ఫోన్ మాత్రం బయట లాకర్‌లో పెట్టి పోవాలంట. పెళ్ళి ఇప్పుడే వద్దని ఇంట్లో చెప్పగలిగింది ఆ జీతంతోనే.

చదువుల గురించి ఎక్కువ చెప్పను, అందరికీ తెలిసిందే. 2020 లాక్‌డౌన్‌లో ఇంట్లో ఒక్క ఫోన్ ఉంటే ఆన్‌లైన్ క్లాసుకి అది పిల్లోడికి పోయింది, పిల్లేమో "అన్న అయిపోయాక వింటాలే" అని అంట్లు తోమింది. అందుకే 2022 డిసెంబర్‌లో సర్కారు బడుల్లో ఎనిమిదో తరగతికి ట్యాబులు ఇచ్చినప్పుడు నేను సంతోషపడ్డా. అందులో పాఠాలు ఎంత చదివారు, గేములు ఎంత ఆడారు అనేది మీరూ మీరూ కొట్టుకోండి, పార్టీల గొడవలోకి నన్ను లాగొద్దు. ఆడపిల్ల చేతికి అన్నది కాని, నాన్నది కాని వస్తువు ఒకటి వచ్చింది, నాకు అది చాలు.

ఇప్పుడు చెడు. లోన్ యాప్. మా పక్క ఊరి అమ్మాయి, చిన్న పిల్లలు, భర్త ఊళ్ళో ఉండడు, పండక్కి ఐదు వేలు కావాల్సొచ్చి యాప్‌లో తీసుకుంది. కాంటాక్టులు, ఫోటోలు చూడటానికి ఒప్పుకుంటేనే డబ్బులు పడతాయి, ఎవరు చదువుతారు అవన్నీ, ఓకే కొట్టింది. తర్వాత కట్టిన కొద్దీ ఇంకా ఉంది, ఇంకా ఉంది అని, చివరికి ఫోటో మార్ఫింగ్ చేసి బంధువులకి పంపుతామన్నారు. ఆ అమ్మాయికి సంఘంలో అప్పు దొరికేదే, రూపాయి వడ్డీ లోపే. కానీ అడగడానికి మొహమాటం, యాప్ అయితే ఎవరికీ తెలియదు కదా అనుకుంది. ఎవరికీ తెలియదు అనేదే వాళ్ళకి పెట్టుబడి. వాళ్ళమ్మ కనిపెట్టి మా దగ్గరికి తీసుకొస్తే సంఘంలో పెద్దామె ఒకటే మాట అనింది, "పంపిచ్చుకోమను, మేమందరం చూసి నవ్వుకుంటాం, నీకేంది సిగ్గు". తర్వాత సైబర్ మోసాల మీద ఫిర్యాదు చేసే 1930 నంబర్‌కి ఫోన్ చేయించి, స్టేషన్‌లో కాగితం రాసిచ్చి, వచ్చే కొత్త నంబర్లన్నీ ఎత్తడం మానేయించాం. కొంతకాలం కాల్స్ వచ్చాయి, ఆగిపోయాయి. డబ్బు పోయింది, పిల్ల మిగిలింది.

ఇంక నాన్నగారి రీల్స్ మాట. చూస్తే ఏమైందండీ? నాన్నగారు టీ అంగడి కాడ రెండు గంటలు కూర్చుంటే ఎవరన్నా లెక్క అడిగారా? మా అమ్మ మధ్యాహ్నం అరగంట ఏవో వంటలు, హరికథలు పెట్టుకుని కునుకుతా ఉంటది, చదవడం నెమ్మదిగా వచ్చు కాబట్టి టైపింగ్ జోలికి పోదు, మైకు నొక్కి ఫోన్‌తోనే మాట్లాడుద్ది. సంక్రాంతికి ఆమె పాడిన గొబ్బి పాటలు మా చెల్లెలు రికార్డ్ చేసి ఫ్యామిలీ గ్రూపులో పెడితే, నాకు కూడా తెలియని చరణాలు అందులో ఉన్నాయి. అన్నాళ్ళు పక్కనే ఉండి నేనెప్పుడూ అడగలా.

కాబట్టి కొనివ్వండి. కొనేటప్పుడు మాత్రం ఇవి చూసుకోండి. సిమ్ అమ్మ ఆధార్ మీద, అమ్మ పేరు మీద తీయండి, మీ పాత సిమ్ వేసి ఇవ్వొద్దు. బ్యాంకు ఖాతాకి, ఆధార్‌కి రెండింటికీ ఆ నంబరే ఎక్కించండి. ఆధార్‌లో నంబర్ మార్చడానికి కాగితాలేమీ అక్కర్లేదు, సెంటర్‌కి ఆమే పోయి వేలిముద్ర వేసి ఫీజు కడితే చాలు. యూపీఐ పిన్ ఆమె చేతే పెట్టించండి, మీరు కూడా తెలుసుకోవద్దు, కొడుకైనా కూతురైనా సరే. మొదట్లో వంద, రెండొందలు పంపించడం ఆమె చేతే చేయించండి, తప్పు నొక్కుద్దేమోనని మీరు లాక్కోకండి. డబ్బులు రావడానికి పిన్ కొట్టక్కర్లేదు, కొట్టమన్నాడంటే దొంగోడే, ఇది ఒక్కటి పదిసార్లు చెప్పండి. పోలీసులం, వీడియో కాల్‌లో అరెస్ట్ చేస్తున్నాం అని ఎవడన్నా అంటే పెట్టేసి పక్కింటామెకి చెప్పమనండి. పొరపాటున డబ్బు పోతే ఆలస్యం చేయకుండా 1930.

అమ్మ ఏదన్నా సంఘంలో ఉందా అనేది మీరు రాయలేదు. ఉంటే ఫోన్ నేర్పే పని మీరు పెట్టుకోవద్దు, ఆ సంఘంలో ఫోన్ వాడే ఆమె దగ్గరకి పంపించండి, మీకంటే ఓపిగ్గా నేర్పుద్ది, అర్థం కాకపోతే నాలుగోసారి అడగడానికి అమ్మకి కూడా మొహమాటం ఉండదు. ఫోన్ మరీ ఖరీదుది వద్దు, అక్షరాలు పెద్దవిగా పెట్టుకునేట్టు, స్పీకర్ గట్టిగా వినపడేట్టు ఉంటే చాలు, బ్యాటరీ మాత్రం పెద్దది చూడండి, మన వైపు కరెంట్ సంగతి తెలిసిందే కదా.