నీ మంత్రగ్రంథానికి మసి ఎవరు పూస్తారు?

అమ్మాయ్,

నీ నవల వాట్సాప్‌లో వచ్చింది, ఫోన్‌లో చదువుతుంటే కళ్లు లాగేస్తున్నాయని అంబాజీపేట వెళ్లి ప్రింట్ తీయించుకుని మరీ చదివాను. బావుంది. ఊరికే అనట్లేదు, ఏటి మధ్యన ఆ ఏడు లంకలూ, మధ్యలో నావలూ, రేవు రేవుకీ మారిపోయే యాసా, అన్నీ కళ్లకి కట్టాయి. కట్టనిదల్లా ఆ మాయగ్రంథమే, నవలకి పేరు దానిదే పెట్టావ్ కదా, తీరా చూస్తే అదే తేలిపోయింది.

బంగారు అట్టలంట, వజ్రాల తాళమంట, మంచుకొండ మీద గుడంట, అందులో ఏది రాస్తే అది జరిగిపోద్దంట. నీ వయసులో నేనూ సరిగ్గా ఇదే రాసి ఒక వారపత్రికకి పంపితే తిరుగుటపాలో ఇంటికొచ్చేసింది, తెగ తిట్టుకున్నాను గానీ వాళ్లు చేసింది రైటే. అన్నీ చేసేసే పుస్తకం చేతిలో ఉంటే మొదటి పేజీలోనే వరద తగ్గాలి అని రాసేసి దుప్పటి కప్పుకుని పడుకోవచ్చు, ఇంక నవలెందుకు?

నువ్వు లంకలో పుట్టినదానివి, నీకు నేను చెప్పాలా. ధవళేశ్వరంలో గోదారి వరద 10 లక్షల క్యూసెక్కులకి చేరితే మొదటి హెచ్చరిక, 13కి రెండోది, 17కి మూడోది. మా ఇంట్లో అయితే మొదటిదానికి గొడ్లు ఏటిగట్టు ఎక్కేవి, రెండోదానికి బియ్యం అటకెక్కేవి, మూడోదానికి నాయనమ్మ దేవుడి పటాలు మూటగట్టేది, అప్పుడు మాకు నిజంగా భయమేసేది. ఆ నంబర్లకి మనుషులు ఎలా కదులుతారో అదీ కథంటే. నీ గ్రంథానికీ అలాంటి మెట్లు పెట్టు. ఒక ఆకు రాస్తే రాసినోడికి ఏం పోద్ది, పది రాస్తే ఏం పోద్ది, ఎన్నో ఆకు దగ్గర లంకలోవాళ్లు పడవలు విప్పేసి పారిపోతారు?

బంగారం ముందు తీసి పారెయ్. మనకి తాటాకుంది కదా. గంటంతో గీస్తే అక్షరం పడుద్ది గానీ కనపడదు, ఆకు మీద సన్నటి గాటు తప్ప ఇంకేం ఉండదు. దీపం మసి నూనెలో కలిపి ఆకంతా పూసి గుడ్డతో తుడిచేస్తే, పైపైన ఉన్నది పోయి గాట్లలోది మిగిలి అప్పుడు నల్లగా లేస్తాయి అక్షరాలు. పుణ్యాత్ములకే కనపడే అక్షరాలు అని నువ్వు రాసినదానికన్నా ఇది ఎంత మాయగా ఉందో చూడు. పైగా ప్రశ్నలు వాటంతటవే పుట్టుకొస్తాయి, ఆ మసి ఏ ఇంటి దీపంది, పూసేవాళ్లు ఎవరు, వాళ్లు పూయం పొమ్మంటే?

ఇంకోటి, తాటాకు కలకాలం ఉండదు, పాడయ్యేలోగా ఎవరో కూర్చుని ఎత్తి రాయాల్సిందే. ఆ ఎత్తి రాసేవాడు నిద్రమత్తులో ఒక్క సున్నా మింగేసాడనుకో, లంక కాస్తా లక అయిపోద్ది. మామూలు పుస్తకంలో అది తప్పు, నీ పుస్తకంలో అయితే తెల్లారేసరికి ఊరుండదు! నీ విలన్ కోటలో కూర్చుని వికటాట్టహాసం చెయ్యక్కర్లేదు, కునుకు తీస్తే చాలు.

పుస్తకానికి జనం భయపడతారా అని నీకు డౌటుంటే రాజమండ్రి సంగతే చూడు. నన్నయ్య 11వ శతాబ్దంలో భారతం మొదలెట్టి అరణ్యపర్వం మధ్యలో ఆగిపోయాడు, తర్వాత తిక్కన ఆ ముక్క వదిలేసి విరాటపర్వం నుంచి ఎత్తుకున్నాడు. అది ముట్టుకుంటే కీడని జనం చెప్పుకునే మాటలో నిజం ఎంతో గానీ 14వ శతాబ్దంలో ఎఱ్ఱన పూర్తిచేసే దాకా ఆ ఖాళీ అలాగే ఉండిపోయింది, ఆయనైనా తన పేరున కాకుండా నన్నయ్యే రాస్తున్నట్టు రాజరాజనరేంద్రుడికే అంకితమిచ్చి గట్టెక్కాడు. మంత్రం లేదు తంత్రం లేదు, సగంలో ఆగిన పుస్తకం, అంతే.

అసలు విషయం ఇప్పుడు చెప్తాను. నలభయ్యో పేజీలో ఒక ముసలావిడ ఉంది చూడు, ఏటా ఎండలు ముదరగానే గ్రంథం విప్పి అరుగు మీద ఆరబెట్టి, పసుపు రాసి మళ్లీ తాడు కట్టేస్తది, చదవడం రాదు కాబట్టి ఆకుల వరస ముడులు లెక్కపెట్టుకుని గుర్తుపెట్టుకుంటది. రెండు లైన్లలో ఆవిడని వదిలేసి రాజకుమారుడి గుర్రం వెనకాల పరిగెత్తావ్. ఆ గుర్రం నాకు గుర్తే లేదు, ఆవిడ మాత్రం రాత్రి కల్లోకొచ్చింది. నవల ఆవిడ అరుగు మీద మొదలెట్టు, రాజకుమారుడు కావాలంటే అటువైపుగా వచ్చి మంచినీళ్లు అడుగుతాడు.

చదివేవాళ్లు లేరని తాటాకు కట్టలు గోదాట్లో కలిపేసిన ఇళ్లు మన వైపు ఉన్నాయి. మా ఇంట్లో ఒక్కటి మిగిలింది, అటక మీద. ఆదివారం ఖాళీ అయితే రా, నీ చేత్తో విప్పిస్తాను, కాస్త నెమ్మదిగా తియ్యాలి, అంచులు పొడిలా రాలుతున్నాయి. పదకొండు లోపు వచ్చెయ్, ఆ తర్వాత కరెంట్ ఉండట్లేదు, అటక మీద చీకటి.