తెలియని సైటుకు ప్రచారం రాసే ముందు

తమ్ముడూ, పర్లాకిమిడిలో కూర్చుని, ఎప్పుడూ వినని చీరల సైటు గురించి డబ్బుకు పొగుడుతూ రాయమన్నారని అడిగావు కదా. ముందు అడ్వాన్సు సంగతి పక్కన పెట్టు.

సైటు అడుగున జీఎస్టీ నంబరు ఉందేమో చూడు. మొదటి రెండంకెలు రాష్ట్రానివి: ఒడిశాకు 21, తెలంగాణకు 36, ఆంధ్రకు 37. ఒడిశాలోని బరంపురంలో దుకాణం అంటూ 27 కనిపిస్తే అది మహారాష్ట్ర నంబరు, ఎందుకని అడుగు. జీఎస్టీ పోర్టల్‌లో ఆ నంబరు కొడితే పేరు, చిరునామా వస్తాయి. డొమైన్, అంటే సైటు చిరునామా, ఎప్పుడు కొన్నారో హూఈజ్ (WHOIS) అనే ఆన్‌లైన్ వెతుకుడులో తెలుస్తుంది. ఒక్కోసారి పదేళ్ల వ్యాపారం అంటారు, డొమైన్‌కు రెండు నెలలు కూడా ఉండవు!

తర్వాత నీ డబ్బుతోనే తక్కువ ధర చీర ఒకటి తెప్పించు. బరంపురం పట్టు అంటే అసలు పట్టని చెప్పే సిల్క్ మార్క్ గుర్తు ఉందా చూడు, వాపసు పంపి రీఫండ్ ఎన్నాళ్లకు వచ్చిందో రాసుకో. నీ వ్యాసానికి అసలు సరుకు అదే. మా ఇంట్లోవాళ్లయితే అంచు చూడగానే అసలు పట్టో కాదో తేల్చేస్తారు, నాకా కన్ను లేదు.

డబ్బు తీసుకున్నట్టు పైనే స్పష్టంగా రాయి. 2019 వినియోగదారుల చట్టం ప్రకారం, తప్పుదోవ పట్టించే ప్రకటనకు వంత పాడినవాళ్లకూ 10 లక్షల దాకా జరిమానా పడొచ్చు. సరిచూసుకునే రాశావని చూపగలిగితే ఆ బాధ్యత ఉండదు, కాబట్టి స్క్రీన్‌షాట్లు దాచుకో.